రోజీ వేసిన ఒకే ఒక్క వేషం

పి.కె. రోజీ తెర జీవితమంతా ఒక్క సినిమా. అదీ మూకీ. దాని ప్రింటు కూడా ఇప్పుడు లేదు. మలయాళ సినిమాకు తొలి కథానాయిక ఆమె. ఆమెదని అందరూ షేర్ చేసే ఫోటో నిజంగా ఆమెదేనా అన్న అనుమానం కూడా ఉంది.

తిరువనంతపురం నందన్‌కోడ్‌లో ఒక పులయ ఇంట్లో పుట్టింది. అసలు పేరు రాజమ్మ. కాక్కారిశ్శి నాటకంలో వేషాలు కట్టేది. మన చిందు భాగోతంలాగే అదీ ఆటా పాటా కలిసిన జనం నాటకం. అంటే సినిమావాళ్లు వచ్చి ఆమెకు నటన నేర్పలేదు, నటన తెలిసిన మనిషి దగ్గరికే వాళ్లు వచ్చారు. ఈ మాట ఎందుకో చాలామంది రాయరు. జె.సి. డేనియల్ సొంత ఆస్తి అమ్మి తీసిన 'విగతకుమారన్'లో ఆమె వేషం సరోజిని. సరోజిని నాయర్ యువతి.

గొడవంతా అక్కడే. సినిమా విడుదలైంది 1928లోనని కొందరు, 1930లోనని కొందరు అంటారు. క్యాపిటల్ థియేటర్‌లో తొలి ఆటకు వచ్చిన పెద్దమనుషుల పక్కన ఆమెను కూర్చోనివ్వలేదని చెబుతారు. హీరో ఆమె జడలోని పువ్వు తీసి ముద్దు పెట్టుకున్నాడు. తెర మీద రాళ్లు పడ్డాయి. తర్వాత ఆమె ఇంటికి నిప్పు పెట్టారు. పులయ స్త్రీ సినిమాలో కనిపించిందని మాత్రమే కాదు ఆ కోపం, నాయర్ స్త్రీలా కనిపించిందని. చూసేవాళ్లకు తేడా తెలియకుండా నటించడమే ఆమె చేసిన నేరం!

రాత్రికి రాత్రి ఒక లారీ ఎక్కి నాగర్‌కోవిల్ వైపు వెళ్లిపోయింది. ఆ లారీ డ్రైవర్నే పెళ్లి చేసుకుంది. అతను నాయర్. రాజమ్మ అక్కడ రాజమ్మాళ్ అయింది. ఏ వేషం వేసినందుకు రాళ్లు పడ్డాయో, ఆ వేషంలోనే సుమారు అరవై ఏళ్లు కాపురం చేసి 1988లో చనిపోయింది. ఈసారి ఒక్క రాయీ పడలేదు, ఎందుకంటే ఎవరికీ చెప్పలేదు.

ఆమె కులం దాచుకుందని తప్పుపట్టే మన మిత్రులున్నారు. హైదరాబాద్‌లో గది అద్దెకు అడిగేటప్పుడు ఇంటిపేరు మింగేసే పిల్లలు నా క్లాసులోనే ఉన్నారు. వాళ్లను ముందు అడగండి, తర్వాత రోజీని అడుగుదురు.

కేరళ ప్రభుత్వం 1992 నుంచి ఇస్తున్న పెద్ద సినిమా అవార్డు డేనియల్ పేరు మీద ఉంది. 2013లో వచ్చిన 'సెల్యులాయిడ్' కూడా ప్రధానంగా ఆయన విషాదమే. రోజీ అందులో బెదురు కళ్ల అమ్మాయి. దళిత స్త్రీ ఇవాళైనా నాయర్ వేషం వేయగలదా అని జెన్నీ రొవేనా ఆ ఏడాదే అడిగింది. 2019లో మలయాళ సినిమా మహిళలు రోజీ పేరుతో ఫిల్మ్ సొసైటీ పెట్టారు. చెన్నైలో పా. రంజిత్ ఆమె పేరుతో ఫిల్మ్ ఫెస్టివల్ నడుపుతున్నాడు. 2023 ఫిబ్రవరి 10న గూగుల్ ఆమె బొమ్మ వేసింది.

మన సంగతి చూస్తే, 1938లో గూడవల్లి రామబ్రహ్మం 'మాలపిల్ల' తీశాడు. ధైర్యమైన సినిమానే, కాదనను. మాలపిల్ల వేషం పేరున్న తార కాంచనమాల వేసింది. జనం విరగబడి చూశారు. ఏ థియేటర్‌లోనైనా, మాలపిల్లలా నటించిందని ఆమె మీద ఎవరైనా రాయి వేశారా?