బాయి ఇంగ్లీషు

కొత్త ఇంగ్లీషు మాటలు నేర్చుకోవాలంటే కాన్వెంటుకే వెళ్ళక్కర్లేదు, గోదావరిఖనిలో కాపురం పెడితే చాలు! ఇక్కడ బొగ్గుగనిని బాయి అంటారు. అక్షరం ముక్క రానివాడు కూడా ఆ బాయిలోకి దిగి రోజుకి పాతిక ఇంగ్లీషు మాటలు మాట్లాడి పైకొస్తాడు. అవీ, కాలేజీ లెక్చరర్లు సైతం తడుముకునేవి.

'కాలరీ' అంటే అన్నం తింటే వచ్చేది కాదండోయ్, బొగ్గుగని. ఇంగ్లీషువాడు 'కాల్యరీ' అంటాడు. మనవాళ్ళు యకారం పీకేసి నోటికి హాయిగా చేసుకున్నారు. 'సర్దార్' మాట పారసీది. అది ఇంగ్లీషులోకి వెళ్ళి, 'ఎస్ ఐ ఆర్' స్పెల్లింగు తగిలించుకుని, 1957 నాటి బొగ్గుగనుల రెగ్యులేషన్లలో ఓ ఉద్యోగమై కూర్చుంది.

'డాంప్' అంటే డిక్షనరీలో చెమ్మ అని ఉంటుంది. గనిలో 'ఫైర్ డాంప్' అంటే మాత్రం భగ్గుమనే మీథేన్ వాయువు. జర్మన్‌లో ఆవిరిని 'డాంప్ఫ్' అంటారు, ఇది దాని చుట్టం. ఆరేస్తే ఆరిపోయే చెమ్మ కాదు.

'ఇనండేషన్' అంటే బళ్ళో వరద అని చెబుతారు. గనిలో అయితే ఎక్కడో నిలిచిన నీళ్ళు ఒక్కసారిగా పనిచోటికి విరుచుకుపడడం. 2003 జూన్ 16న గోదావరిఖని 7 ఎల్.ఇ.పి. గనిలో అలా 17 మంది పోయారు. ఆ మాటను ఇక్కడ ఎవరూ సరదాకి పలకరు.

ఇక 'గోఫ్'. రొట్టెని 'లోఫ్' అంటారే, అలా పలకాలి. బొగ్గు తవ్వేటప్పుడు కప్పు కూలకుండా బొగ్గునే స్తంభాలుగా వదిలేస్తారు. ఆఖర్న ఆ స్తంభాలనూ తీసుకుంటూ వెనక్కి వస్తారు. అది 'డీపిల్లరింగ్'. అలా ఖాళీ అయి, కప్పు కూలిపోవడానికి విడిచిపెట్టిన చోటు గోఫ్.

"ఇవాళ డీపిల్లరింగ్‌లో పడింది" అని మా పక్కింటి అన్నయ్యగారు చెంబెడు నీళ్ళు తాగుతూ చెప్పేవారు, కూరలో ఉప్పు తగ్గిందన్నంత మామూలుగా. వదిన చాన్నాళ్ళు అదేదో ప్రమోషన్ అనుకుంది. అర్థం తెలిశాక షిఫ్టు దిగే వేళకి గుమ్మం వదిలితే ఒట్టు. టిఫిన్ డబ్బా మూత పెడుతూ రోజూ "ఏ పని?" అని అడుగుతుంది. ఇంగ్లీషు మొత్తంలో ఆవిడకి నచ్చిన మాట ఒక్కటే, 'సర్ఫేస్'. అంటే నేలపైన డ్యూటీ. దానికి అన్నయ్యగారిచేత అర్జీ పెట్టించింది. ఇంకా జవాబు రాలేదు.