కూర్చుని తీసిన సినిమా

వికారాబాద్ జంక్షన్‌లో రైలు దారి రెండుగా చీలుతుంది. ఒకటి తాండూరు మీదుగా వాడి జంక్షన్‌కు, ఇంకొకటి జహీరాబాద్ మీదుగా బీదర్‌కు. నేను ముందు జహీరాబాద్ బండి ఎక్కాను. ఆ ఊరి పక్కనే పస్తాపూర్. సినిమాలు తీసే పల్లె ఆడవాళ్లు అక్కడున్నారు.

ప్రయోగాత్మక డాక్యుమెంటరీ అనగానే ఫిల్మ్ ఫెస్టివల్‌లో సగం హాలు నిద్రపోయే సరుకు గుర్తొస్తుంది నాకు. పస్తాపూర్‌లో ప్రయోగం వేరు. దూరదర్శన్‌లో పనిచేసి వచ్చిన పి.వి. సతీష్, డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత మహిళల చేతికి కెమెరా ఇప్పించారు. ఎక్కువమంది బడి మొహం చూడనివాళ్లు. 2001కల్లా వాళ్లది కమ్యూనిటీ మీడియా ట్రస్ట్ అయింది. 2008లో మాచనూరులో సంఘం రేడియో కూడా మోగింది.

నేను నిలబడే ఫోన్ తీశాను. చాప మీద కూర్చున్న ఒకామె చెయ్యి ఊపింది. "గట్ల పైనుంచి తీయకు అన్నా, కూసో." కూర్చున్నాక తెరలో ఆమె కళ్లు నా కళ్లకు సరిగ్గా ఎదురుగా వచ్చాయి. దీన్నే వాళ్లు సంఘం షాట్ అంటారు. సంఘంలో అందరూ ఒకే చాప మీద కూర్చుంటారు కదా! ఎక్కువ తక్కువలు చూపే కోణాలకు పటేల్ షాట్, బానిస షాట్ అని పేర్లు పెట్టుకున్నారు. ఏ ఫిల్మ్ స్కూలూ ఇంత సూటిగా చెప్పలేదు.

వాళ్ల పనితీరూ అంతే. 2002లో బీటీ పత్తికి దేశంలో అనుమతి వచ్చింది. వీళ్లు వరంగల్ వెళ్లి, విత్తిన నాటి నుంచి పంట తీసేదాకా అవే చేలకు మళ్లీ మళ్లీ తిరిగారు. రైతు ఆశపడటం, లెక్క తప్పడం, కోపం రావడం అన్నీ కెమెరా ముందే జరిగాయి. తర్వాత అదే పత్తి కథ వెతుక్కుంటూ దక్షిణాఫ్రికా, మాలి, ఇండోనేషియా దాకా వెళ్లారు.

తిరుగు దారిలో వికారాబాద్‌లో బండి మారి తాండూరులో దిగాను. నాపరాయి గని గట్టు మీద నిలబడితే కింద మనుషులు చీమల్లా కనబడతారు. అందరం తీసే ఫొటో అదే. ఈసారి కిందికి దిగాను. పొరలు పొరలుగా పరుచుకున్న నీలి రాయి సందులో గడ్డపార దూర్చి ఒకతను మెల్లగా ఎత్తుతున్నాడు. బండ విడిపోయింది. మూతికి కట్టుకున్న తువ్వాలుకు తెల్లగా రాతిపిండి పట్టింది, కనురెప్పలకూ అంతే. గట్టు మీది నుంచి ఇవేవీ కనబడలేదు.

ఈ గనుల మీద సినిమా తీయాలనుకునే కుర్రాళ్లూ, ముందు డ్రోన్ పక్కన పెట్టండి. పస్తాపూర్‌కూ ఒకసారి వెళ్లి రండి. కబురు పెట్టుకునే వెళ్లండి, కోతల రోజుల్లో వాళ్లు చేలల్లో ఉంటారు.