కోయిల కూసిన వీణ

నూజివీడు అనగానే నోరూరుతుంది. విజయవాడ నుంచి నున్న, ఆగిరిపల్లి మీదుగా వెళ్తుంటే దారి పొడవునా మామిడి తోటలే. చిన్నరసాలు, పెద్దరసాలు, బంగినపల్లి... మేలో వెళ్తే బస్సు కిటికీలోంచే వాసనలు!

అయితే ఇది వీణల ఊరు కూడా. పనస చెక్కను తొలిచి కుండ, దండి చేస్తారు. మైనంలో బొగ్గుపొడి కలిపి 24 మెట్లు నిలబెడతారు. దాన్నే మేళం కట్టడం అంటారు. వెంట్రుకవాసి తేడా వచ్చినా మైనం కరిగించి మళ్లీ మొదలెట్టాల్సిందే. ఎండలకు ఆ మైనం మెత్తబడుతుంది. మామిడికి పండగైన వేసవి వీణకు గడ్డుకాలమన్నమాట.

తమాషా ఏమిటంటే, అదే వీణ మీద వేసవి కోయిలను కూయించారు చిట్టిబాబు. 1936లో కాకినాడలో పుట్టి, ఈమని శంకరశాస్త్రి దగ్గర నేర్చుకుని, వీణ కచేరీలకు జనాన్ని రప్పించిన విద్వాంసుడాయన. పియానో మీట నొక్కితే దాని స్వరం అదే, జరగదు. వీణలో మెట్టు మీద తీగను పక్కకు లాగితే స్వరం జారుతూ పైకెక్కుతుంది. కోయిల కూతా అంతేగా! 'కొమ్మలో కోయిల' విన్నవాళ్లకు ఆ లాగుడు చెవిలోంచి పోదు. 1996లో ఆయన కన్నుమూశారు.

మేం వెళ్లిన మధ్యాహ్నం ఓ పెద్దాయన మేళం కడుతున్నాడు. పక్క తోటలో కోయిల ఒకటే కూత. ''వింటున్నారా?'' అన్నాను.

''ఉండండమ్మా, పంచమం కుదరట్లేదు'' అన్నాడు, తల ఎత్తకుండానే.