వాట్సన్ హోటల్లో చెంపదెబ్బ

బొంబాయి తాజ్‌మహల్ హోటల్ పేరెత్తితే చాలు, ఎవరో ఒకరు ఈ కథ చెబుతారు. జంషెడ్జీ టాటా ఓ రోజు వాట్సన్ హోటల్‌కి వెళ్ళాడట. తెల్లవాళ్ళకి తప్ప ప్రవేశం లేదని గుమ్మంలోనే ఆపేశారట. ఆ పౌరుషంతో ఆయన దాన్ని తలదన్నే హోటల్ కట్టి చూపించాడట. మన సినిమాల్లో అయితే సరిగ్గా ఇంటర్వెల్ ముందు పడాల్సిన సీను.

చిక్కేమిటంటే దీనికి గట్టి సాక్ష్యం లేదు. దేశదేశాలూ తిరిగిన టాటాకి బొంబాయిలో చెప్పుకోదగ్గ హోటల్ లేదన్న దిగులుండేది. టైమ్స్ ఆఫ్ ఇండియా సంపాదకుడు లొవాట్ ఫ్రేజర్‌దీ అదే పోరు. పైగా 1896లో ప్లేగు వచ్చి, ఊరి మీద జనానికి నమ్మకం సడలిన రోజులు. 1903 డిసెంబరు 16న తాజ్ తలుపులు తెరుచుకోవడానికి ఈ కారణాలు చాలు. కానీ కారణాలు ఎవరికి కావాలి? అవమానం ఉంటేనే కథ రక్తి కడుతుంది.

ఈ వ్యవహారంలో నాకు జాలేసేది వాట్సన్ హోటల్ మీద. ఒకప్పుడు ఊరికే తలమానికంగా వెలిగిన కట్టడం, ఇప్పుడు పోటీదారు కథలో విలన్‌గా మాత్రమే బతుకుతోంది.

దాన్ని కట్టించిన జాన్ వాట్సన్ బట్టల వ్యాపారి. అమెరికాలో అంతర్యుద్ధం వచ్చి అక్కడి పత్తి ఇంగ్లండు మిల్లులకు అందకుండా పోయేసరికి, మన పత్తికి రెక్కలొచ్చాయి. బొంబాయిలో డబ్బు వరదలా పారింది. గవర్నరు బార్టిల్ ఫ్రేర్ పాత కోట గోడలు పడగొట్టించి, ఎస్ప్లనేడ్ మైదానం అంచున స్థలాలు అమ్మకానికి పెట్టించాడు. వాట్సన్ అందులో ఒకటి కొన్నాడు. ముందు అనుకున్నది పెద్ద బట్టల కొట్టు. ఆ ఆలోచనే పెరిగి పెరిగి హోటల్ అయింది.

కట్టిన తీరు మాత్రం విడ్డూరం. నమూనా గీసింది రోలండ్ మేసన్ ఆర్డిష్ అనే ఇంగ్లీషు ఇంజనీరు. స్తంభాలు, దూలాలు అన్నీ ఇంగ్లండులో పోతపోసి, ఓడల్లో తెచ్చి, తిరునాళ్ళలో రంగులరాట్నం బిగించినట్టు ఇక్కడ బిగించారు. 1867లో మొదలైన పని 1869కి ఓ కొలిక్కి వచ్చింది. ఇనుప చట్రాన్ని గోడల వెనక దాచకుండా బయటికే కనబడనిచ్చారు. అంతస్తంతస్తుకీ పొడవాటి బాల్కనీలు, నూట ముప్ఫై దాకా గదులు, మధ్యలో అద్దాల కప్పు కింద నాట్యశాల. వడ్డించడానికి ఆడవాళ్ళను కూడా ఇంగ్లండు నుంచే రప్పించారట. అక్కడి చల్లగాలి కూడా తెప్పించి ఉంటే బాగుండేదని ఊళ్ళో హాస్యమాడేవారట.

1896 జనవరిలో మార్క్ ట్వేన్ ఇక్కడ దిగాడు. అరవై ఏళ్ళ వయసులో, అప్పులు తీర్చడానికి ఊరూరా ఉపన్యాసాలిస్తూ తిరుగుతున్నాడు పాపం. ఆ ప్రయాణం మీద రాసిన ‘ఫాలోయింగ్ ది ఈక్వేటర్’లో బాల్కనీ కమ్మీల మీద చేరిన కాకుల్ని తలుచుకుని కడుపుబ్బ నవ్విస్తాడు. దానికి దగ్గర్లోనే ఇంకో సంగతి ఉంది. గదిలో బాల్కనీ వైపు అద్దాల తలుపుని మూయడమో తుడవడమో ఏదో చేయాల్సి వచ్చింది. ఓ నౌకరు మోకాళ్ళ మీద కూర్చుని ఆ పనిలో పడ్డాడు. గది సర్దించడానికి వెంట వచ్చిన దిట్టమైన జర్మనీవాడికి ఆ పని నచ్చలేదు. తప్పెక్కడో చెప్పలేదు. ముందు దవడ మీద ఒక్కటిచ్చి, ఆ తర్వాత చెప్పాడు. నౌకరు నోరు మెదపలేదు, ముఖంలో కోపమూ చూపలేదు.

ట్వేన్‌కి అది చూడగానే చిన్నతనం కళ్ళముందు కదిలింది. బానిసలున్న మిస్సోరీలో పెరిగినవాడు. తన తండ్రి, స్వతహాగా చెడ్డవాడు కాకపోయినా, ఇంట్లోని బానిస కుర్రాణ్ణి చిన్న చిన్న పొరపాట్లకు లెంపకాయలు కొట్టేవాడని రాసుకున్నాడు. పని సరిగ్గా చేయలేదని ఒకడు ఇనుప రాయి విసిరితే ఓ బానిస గంటలో ప్రాణం విడవడం తన పదో ఏట చూశానన్నాడు.

సాక్ష్యం లేని అవమానాన్ని తరతరాలుగా చెప్పుకుంటున్నాం. కళ్ళారా చూసినవాడు తన పేరు మీద అచ్చువేసిన దెబ్బని ఎవరూ తలవరు. పడినవాడు కోటీశ్వరుడు కాడు, కోపం వచ్చినా హోటల్ కట్టలేడు. ఆ మహానగరానికి రాయీ మట్టీ మోసిన తెలంగాణ కామాటీలకు కామాటిపురా అని పేటపేరైనా మిగిలింది. ఈ నౌకరు పేరు ట్వేన్‌కే తెలియదు.

ట్వేన్ వచ్చిన 1896లోనే, జూలై 7న, ఇదే హోటల్లో లూమియేర్ సోదరుల కదిలే బొమ్మలు ఆడాయి. టికెట్టు రూపాయి. ఆస్ట్రేలియా వెళ్తూ దారిలో ఆగిన మారియస్ సెస్టియే ఆడించాడు. పారిస్‌లో లోకం మొదటిసారి చూసిన ఆరు నెలలకే సినిమా బొంబాయి చేరిందన్నమాట. వారం తిరిగేసరికి ఆట నావెల్టీ థియేటర్‌కి మారింది. అక్కడ నాలుగణాల టికెట్టు కూడా ఉండేది, పరదా పాటించే ఆడవాళ్ళకు వేరే సీట్లు కూడా. మన దేశంలో సినిమా పుట్టిల్లు వాట్సన్ అని రాస్తారు. మామూలు జనానికి మాత్రం నావెల్టీయే పుట్టిల్లు. నేనైతే దానికే ఓటేస్తాను.

తాజ్ వచ్చాక వాట్సన్ కళ తప్పింది. తర్వాత హోటల్ మూతపడి, ఎస్ప్లనేడ్ మాన్షన్ అయింది. కోర్టులు దగ్గర కావడంతో గదులన్నీ చెక్క అడ్డుగోడలతో ముక్కలై, వకీళ్ళ ఆఫీసులతో, ఫోటోస్టాట్ కొట్లతో నిండిపోయాయి. అద్దె చట్టం పుణ్యమా అని అద్దె దాదాపు పెరిగేది కాదు. అద్దె పెరగని ఇంటికి యజమాని సున్నం కూడా వేయించడు. 2005లో బాల్కనీలు కొంతభాగం కూలి ఒక ప్రాణం పోయింది. ప్రపంచంలో ప్రమాదంలో ఉన్న కట్టడాల జాబితాకి ఎక్కింది. 2019లో అందరినీ ఖాళీ చేయించారు. ఐఐటీ బొంబాయి ఇంజనీర్లు పడగొట్టమన్నారు, వారసత్వ కట్టడాల నిపుణులు నిలబెట్టవచ్చన్నారు. గొడవ హైకోర్టుకెక్కింది. వకీళ్ళు అద్దెకున్న ఇంటి మీద వ్యాజ్యం, త్వరగా తేలుతుందని ఎవరు ఆశపడతారు?