అల్మాస్‌గూడలో నాలుగు దినములు

విజయవాడ మార్గమున హైదరాబాదునకు వచ్చువారికి నగరద్వారము ఎల్.బి. నగరు కూడలి. లాల్ బహదూర్ శాస్త్రిగారి పేర వెలసిన యీ పేట యొకనాడు ఊరిచివర. నేడు వంతెనలపై వంతెనలు, వాని ప్రక్కను మెట్రో రైలు. 2018వ సంవత్సరము సెప్టెంబరు 24వ తేదీన అమీర్‌పేట నుండి ఇచ్చటివరకు రైలు నడువనారంభించిన పిదప తూర్పుదిక్కున కాపురముండువారికి నగరము చేరువైనది. నాకు రైలెక్కవలసిన పనిలేదు. బస్సు దిగి, ఆటోలో కర్మన్‌ఘాట్ త్రోవ పట్టితిని. మంగళవారమగుటచే ధ్యానాంజనేయస్వామి గుడియొద్ద జనసమ్మర్దములో మా ఆటో చాలసేపు నిలిచిపోయెను. అటనుండి మీర్‌పేట మీదుగా పోగా అల్మాస్‌గూడ.

అల్మాసు అనగా పారసీకమున వజ్రము. గూడ యనగా చిన్నపల్లె. పేరు పెట్టినవారెవరో గాని నాకు వజ్రమేదియు కానరాలేదు. రంగారెడ్డి జిల్లా బాలాపూర్ మండలములోని యీ పల్లెలో చేలు పోయి ప్లాట్లయినవి, ప్లాట్లలో ఇండ్లు లేచినవి, ఇంకను లేచుచున్నవి. ఒక వీధిలో బోరు వేయు యంత్రము, పైవీధిలో రాళ్ళు కోయు రంపము, మధ్యాహ్నము కూరలబండి మైకు, దాని వెనుకనే పాత ఇనుము కొనువాని మైకు, రాత్రి నీళ్ళ ట్యాంకరు. కంటితో చూచి మెచ్చదగిన ఊళ్ళు కొన్ని; ఇది చెవితో ఎరుగవలసిన ఊరు. ఈ మాట విశేషించి చెప్పుటకు కారణమున్నది. నేను చూడబోయిన పిల్లకు లోకము మొదట చెవిలోనుండియే ప్రవేశించును.

ఆమె మా పెద్దమ్మ కూతురికి ఏకైక సంతానము. వయస్సు 27 ఏండ్లు. బి.కాం. చదివి, ఇంటనుండియే ఒక పండ్ల వ్యాపారి లెక్కలు వ్రాయుచున్నది. ఆమెకు 19వ యేట వైద్యులు ఆటిజమని నిర్ణయించిరి. మునుపు దీనినే ఆస్పర్జర్ సిండ్రోమనెడివారమని కూడ చెప్పిరట. ఇప్పుడు నల్లగొండ వైపునుండి ఒక సంబంధము వచ్చినది. వరుని వారికి సంగతి చెప్పవలెనా, దాచవలెనా యని ఇంట రెండు పక్షములు. ఆ తగవు నడుమ నలుగుచున్న మా అక్క నన్ను రమ్మని కబురు చేసినది.

గుమ్మము దాటకమునుపే ఆ యింటి పద్ధతి కొంత తెలిసినది. గేటునకు గంట లేదు. "ఫోను చేయండి" అని చీటీ యున్నది. లోపల ట్యూబులైట్లు తీసి మెత్తని వెలుగు దీపములు పెట్టిరి. మిక్సీ తిప్పుటకు ముందు మా అక్క "తిప్పుతున్నా" నని చెప్పును. పిల్ల తన గది తలుపు వేసికొనును. గోడమీద వారము మొత్తమునకు పట్టిక: ఏనాడు ఎవరు వత్తురు, ఏ కూర వండుదురు, ఎవరెప్పుడు బయటికి పోదురు. మంగళవారము గడిలో నా పేరు, 11 గంటలని యుండెను. ఆటో నిలిచిపోగానే అక్క చెప్పియుంచిన ప్రకారము నేను ఫోను చేసితిని గనుక దానిని కొట్టివేసి 11-45 అని దిద్దిరి.

పిల్ల వచ్చి నా ముఖమువైపు గాక నా సంచివైపు చూచుచు, "చిన్నమ్మా, శుక్రవారం పొద్దున పోతరా, సాయంత్రం పోతరా?" అని అడిగెను. వచ్చిన చుట్టమును కాళ్ళు కడుగకముందే ఎప్పుడు పోదువని అడుగుట మన యిండ్లలో ఎంత తప్పో చెప్పనక్కరలేదు. కాని ఆమె నన్ను పొమ్మనలేదు; పట్టికలో గడి నింపవలెను. సాయంత్రమని చెప్పగా వ్రాసికొని, సంతోషముతో నాకు మంచినీళ్ళు తెచ్చి యిచ్చెను.

మన తెలుగు పలుకుబడి ఇట్టి పిల్లలకు ఎంత చిక్కు పెట్టునో ఆ రాత్రి అక్క చెప్పగా వింటిని. ఏడేండ్ల వయస్సున నాయనమ్మ "ఇల్లు పీకి పందిరి వేస్తున్నారు" అని కసరగా, ఈ పిల్ల వీధిలోకి పరుగెత్తి గోడలు తడిమి చూచెనట. అంతకంటె మరొకటి. మనము సెలవు తీసికొనునపుడు పోతానను మాట అశుభమని "పోయి వస్తా" నందుము. మేనమామ ఒకనాడట్లే చెప్పి ఊరికి పోయెను. పిల్ల చీకటిపడువరకు గేటు పట్టుకొని నిలిచినది. అన్నమునకు పిలిచిన రాలేదు. "మామ వస్తానన్నాడు" అని యొకటే మాట. ఆ దినమున అందరును ఆమెను మొండిదనిరి. ఇప్పుడా యింట ఎవరు వెళ్ళినను "పోయి వస్తా, దసరాకు" అని తేదీ జతచేసి చెప్పుదురు. శకునమును నిలిచినది, సత్యమును నిలిచినది.

ఆటిజమనునది అంటువ్యాధి కాదు, పిచ్చి కాదు. మెదడు ఎదుగుటలోనే పుట్టుకనుండి యుండు ఒక తీరు. ఎదుటివారి ముఖకవళికలను, చెప్పక చెప్పు మాటలను తెలిసికొనుట కష్టమగును. శబ్దము, వెలుగు, బట్టల రాపిడి యితరులకంటె తీవ్రముగ తగులును. ఒక విషయముపై గాఢమైన ప్రీతియు, నిత్యకృత్యము మారినచో కలతయు నుండును. కొందరికి మాటయే రాదు, జీవితాంతము తోడు కావలెను. కొందరు ధారాళముగ మాట్లాడి డిగ్రీలు పొందుదురు. 2021 నాటి లెక్కను బట్టి లోకములో సుమారు 127 మందిలో ఒకరు ఇట్టివారని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పుచున్నది. ఆడపిల్లలలో దీనిని పోల్చుట ఆలస్యమగును. ఏలయన వారు తోటి పిల్లలను చూచి నవ్వవలసినచోట నవ్వుట, తలయూపవలసినచోట తలయూపుట నేర్చుకొని దాచుకొందురు. మా పిల్లయు కాలేజీనుండి వచ్చి గంటలకొలది చీకటిగదిలో పడుకొనెడిది. సిగ్గరి, బుద్ధిమంతురాలని చుట్టములు మెచ్చుకొనిరి.

ఆస్పర్జరను పేరు చరిత్ర అంత ముచ్చటైనది కాదు. 1925లోనే మాస్కోలో గ్రున్యా సుఖరేవా యను వైద్యురాలు ఇట్టి బాలురను గూర్చి చక్కగా వ్రాసినది. స్త్రీ వ్రాసినది గనుకనో, రష్యను భాషలో వ్రాసినది గనుకనో లోకము చాలకాలము పట్టించుకొనలేదు. 1943లో అమెరికాలో లియో కానర్ 11 మంది పిల్లలను గూర్చియు, 1944లో వియన్నాలో హాన్స్ ఆస్పర్జర్ నలుగురు బాలురను గూర్చియు వ్రాసిరి. 1981లో లోర్నా వింగ్ అను ఆంగ్ల వైద్యురాలు, తానును ఆటిజముగల బిడ్డ తల్లి, ఆస్పర్జర్ పేరును ప్రచారములోనికి తెచ్చెను. 2013లో అమెరికా మనోవైద్యులు ఆ ప్రత్యేకనామమును తీసివేసి అంతయు ఆటిజములోనే చేర్చిరి. 2018లో ఒక చరిత్రకారుడు పాత దస్త్రములు వెదకగా, నాజీల కాలమున ఆస్పర్జర్ ఇద్దరు బాలికలను స్పీగెల్‌గ్రుండ్ అను ఆలయమునకు పంపినట్లును, పిల్లలను చంపు ఆ చోటనే వారు మరణించినట్లును బయటపడినది. ఆ పేరు ఇప్పుడు కొందరికి రుచింపదు. మా పిల్లకు మాత్రము ఆ సంగతి తెలిసినప్పటినుండి ఆ యిద్దరు బాలికలను గూర్చియే చింత.

తల్లులను గూర్చి యొక మాట చెప్పక కదలలేను. బిడ్డను ప్రేమింపని చల్లని తల్లులవలన ఆటిజము కలుగునని ఒకప్పుడు పెద్ద పెద్ద పండితులే చెప్పిరి. బ్రూనో బెటెల్‌హైమ్ 1967లో దీనిపై పుస్తకమే వ్రాసెను. అంతకు మూడేండ్లు ముందుగనే, తనకును అట్టి కుమారుడుగల బెర్నార్డ్ రిమ్లాండ్ ఇది మెదడుకు సంబంధించినదని వాదించెను. పిమ్మటి పరిశోధనలు వంశపారంపర్యముగ వచ్చు లక్షణములే దీనికి ముఖ్యమని తేల్చినవి. టీకాలవలన వచ్చునని 1998లో లండనులో వెలువడిన వ్యాసమును ఆ పత్రికయే 2010లో ఉపసంహరించినది. ఇంత జరిగినను మన యిండ్లలో తీర్పు మారలేదు. మా అక్క అత్తగారు "కడుపుతో ఉన్నప్పుడు గ్రహణం చూసినవు" అని ఇరువదియేండ్లు దెప్పిరి. ఆ దెప్పుడు వినలేక అక్క చేతిగాజులమ్మి ఒక ఊరి మందు, ఇంకొక ఊరి తాయెత్తు కొనినది. దీనిని పోగొట్టు మందు లేదు. మాట నేర్పువారు, చేతిపనులు నేర్పువారు, ఓపికగల ఉపాధ్యాయులు చేయగలిగిన మేలు మాత్రము చాల యున్నది.

బుధవారము పిల్ల తన నోటుపుస్తకములు చూపినది. ఆమె తండ్రి గడ్డిఅన్నారము పండ్ల మార్కెట్టులో గుమాస్తా. దిల్‌సుఖ్‌నగరు చెంత కొత్తపేటలో నుండిన ఆ మార్కెట్టునకు చిన్ననాడు సెలవుదినములలో ఆమెను వెంట తీసికొనిపోయెడివాడు. కేకలు, లారీలు, హమాలీల తొక్కిసలాట; అయినను పిల్ల చెవులు మూసికొని మామిడిగుట్టల నడుమ గంటలు కూర్చుండెడిది. బేనిషాను, తోతాపురి, హిమాయతు, చిన్నరసము, పెద్దరసము, సువర్ణరేఖ, దసేరి; ఏ వారములో ఏది మొదట వచ్చినది, ధర యెంత, తొడిమవద్ద వాసన యెట్టిది, అన్నియు ఏడాదివారీగ వ్రాసి పెట్టినది. 2021లో మార్కెట్టును విజయవాడ మార్గమునగల బాటసింగారమునకు మార్చిరి. లోకమునకది వార్త, ఆమెకు కాళ్ళక్రింది నేల కదలుట. ఆరు వారములు సరిగ అన్నము తినలేదు. తండ్రి ఉపదేశమేమియు చేయక, ఖాళీగానున్న దినమున ఆమెను క్రొత్తచోటికి తీసికొనిపోయి, ఏ షెడ్డు ఎచ్చటనో ఆమెచేతనే పటము గీయించెను. ఆ పటము చూచియే ఒక వ్యాపారి లెక్కలపని యిచ్చినాడు. తేలికపాటి పనియని యనుకొనవద్దు. గత వేసవిలో ఒక బిల్లులో హిమాయతు ధరకు తోతాపురి వ్రాయబడినదని ఆమె పట్టుకొనగా ఆ వ్యాపారికి పెద్ద మొత్తము మిగిలినదట.

బాలాపూర్ ప్రక్కయూరే గనుక వినాయకచవితి మాట వచ్చినది. అచ్చటి లడ్డు వేలము ప్రసిద్ధము. 1994లో 450 రూపాయలతో ఆరంభమై ఇప్పుడు లక్షలకెక్కినది. నిమజ్జనపు ఊరేగింపు హుస్సేన్‌సాగరమువరకు సాగును. పండుగ తొమ్మిది రాత్రులును మైకులు, డప్పులు. పూర్వము ఆ దినములలో పిల్ల తల గోడకు కొట్టుకొనెడిది. పండుగనాడు అపశకునమని పెద్దలు కొట్టెడివారు. ఇప్పుడు పది దినములు ముందుగనే మైకు ఎప్పుడు మొదలగునో మండపము కుర్రవారినడిగి పట్టికలో వ్రాయుదురు. చెవులకు మూతలు కొనిరి. మోత మిక్కుటమైన పూట తల్లియు బిడ్డయు వనస్థలిపురము హరిణవనస్థలికి పోయి కృష్ణజింకలను చూచుచు కూర్చుందురు. గురువారము నేనును పోయితిని. రెండు గంటలలో ఆమె నాతో పది మాటలాడినదేమో. ఆ పదియు నావైపు తిరిగి ఆడినది.

బోయినపల్లిలో 1984లో స్థాపింపబడి నేడు నీపిడ్ అను పేర నడుచుచున్న జాతీయ సంస్థకు తల్లిదండ్రులు ఆమెను తీసికొనిపోయిరి. ఆటిజమును కొలుచుటకు మనదేశపు పిల్లలకు తగినట్లు 40 అంశముల పట్టికను తయారుచేసినది ఆ సంస్థయే. 1999 నాటి జాతీయ ట్రస్టు చట్టములోను, 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టములోను ఆటిజము చేరియున్నది. ధ్రువపత్రము పొందుటకు సిగ్గుపడనక్కరలేదు. అందువలన చదువులో, ఉద్యోగములో కొన్ని సదుపాయములు కలవు.

ఇక సంబంధము సంగతి. గురువారము రాత్రి పెద్దలందరును కూర్చుండిరి. "పెండ్లయితే అదే సర్దుకుంటది, ఇప్పుడు చెప్తే ఎవరు చేసుకుంటరు?" అని మేనత్త. దాచి చేసిన పెండ్లిలో నాలుగవ నాడు మిక్సీ మ్రోగినపుడు ఆ పిల్ల ఎవరి గదిలోనికి పోవలెనని నేనంటిని. నా మాట ఎవరికిని నచ్చలేదు. అక్క ఏడ్చెను. అప్పుడు పిల్ల గదిలోనుండి ఒక కాగితము తెచ్చి బల్లమీద పెట్టెను. వరునికి వ్రాసిన జాబు. వ్రాసి వారము దాటినదట. నాకు ఆటిజము ఉన్నది. హాస్యమాడినచో హాస్యమని చెప్పవలెను. పెద్ద శబ్దమైనచో లేచి పోవుదును, అది కోపము కాదు. లెక్కలు తప్పు పోవు. అబద్ధము చెప్పుట రాదు. మీకు నచ్చని కూర వండినచో ఆనాడే చెప్పుడు. పెండ్లి గుడిలో, బాజాలు లేక జరుగవలెను. పిల్లలు పుట్టినచో వారును నావలె ఉండవచ్చును, దానికి మీరేమందురు?

మేనత్త కాగితము చదివి బోర్లించి పెట్టెను. తండ్రి మాత్రము దానిని తీసికొని, మడతలు విప్పి, ఫోనులో ఫోటో తీసి ఆ రాత్రియే వరుని తండ్రికి పంపెను. ఎనిమిది దినములలో చెప్పెదమని వారు ప్రత్యుత్తరమిచ్చిరి.

నేను శుక్రవారము సాయంత్రము బయలుదేరితిని. ఇది వ్రాయునాటికి ఐదు దినములైనది. అక్కకు కన్ను మూతపడుట లేదు. ఫోను మ్రోగినప్పుడెల్ల ఉలికిపడుచున్నది. నిన్న పిల్లతో మాట్లాడి, వారేమైన చెప్పిరా యని అడిగితిని. "లేదు చిన్నమ్మా, ఎనిమిది రోజులన్నరు కదా. ఇంకా మూడున్నయి" అని, బంగినపల్లి ధర చెప్పనారంభించెను.