ఎండ కళ్ళలో పడినప్పుడు

కంటిశుక్లాల గురించి వ్రాయమని మీలో కొందరు అడిగి చాలా రోజులయింది. వ్రాయడానికి కూర్చున్న ప్రతిసారీ ఒక స్పెయిన్ దేశపు గోల్‌కీపర్ నాకు అడ్డు వస్తున్నాడు. ముందు ఆయన సంగతి చెబుతాను, కాస్త ఓర్పుతో చదవండి.

అంతోని రామల్యెట్స్ 1924లో బార్సిలోనా నగరంలో పుట్టారు. అక్కడి జట్టులో మొదటి గోల్‌కీపరైన వెలాస్కో గాయపడడంతో ఆయనకు చోటు దొరికింది. దొరికిన చోటును ఆయన దాదాపు పదిహేనేళ్ళు వదలలేదు. జట్టు ఆరుసార్లు లీగు గెలిచింది. సగటున అతి తక్కువ గోల్స్ ఇచ్చిన వారికి దక్కే సామోరా బహుమతిని ఆయన ఐదుసార్లు అందుకొన్నారు. 1950 ప్రపంచకప్పులో, రియో నగరపు మారకానా మైదానంలో, స్పెయిన్ 1-0తో ఇంగ్లండును ఓడించింది. ఆ పోటీలలోనే ఆయనకు 'మారకానా పిల్లి' అని పేరు వచ్చింది. పదకొండు రోజుల తరువాత అదే మైదానంలో బ్రెజిల్ ఆయనపై ఆరు గోల్స్ వేసింది. అయినా పేరు చెరగలేదు.

1961 మే 31న స్విట్జర్లాండులోని బెర్న్‌లో యూరోపియన్ కప్పు తుదిపోటీ జరిగింది. ప్రత్యర్థి పోర్చుగల్ జట్టు బెన్ఫికా. మొదటి గోలు బార్సిలోనాదే. బెన్ఫికా దానిని సమం చేసింది. వెనువెంటనే, సొంత జట్టువాడైన జెన్సానా తలకు తగిలి వెనక్కు లేచిన బంతిని రామల్యెట్స్ సరిగా అంచనా వేయలేకపోయారు. అది స్తంభానికి తగిలి గీత దాటింది. లెక్కలో అది ఆయన పేరుమీదే సొంతగోలుగా నమోదయింది. బార్సిలోనా 3-2తో ఓడింది. ఎండ సూటిగా కళ్ళలో పడిందని అప్పటినుంచీ చెప్పుకొంటారు.

ఇది సాకు అనుకొన్నవారు ఉంటారు. వైద్యుడిగా నేను అనుకోను. తీక్షణమైన వెలుగు సోకినప్పుడు మన రెటీనాలోని వర్ణద్రవ్యాలు విరిగిపోతాయి. అవి మళ్ళీ కూడుకొనేవరకు చూపు మధ్యలో ఒక మచ్చ నిలుస్తుంది. ఆరోగ్యమైన కంటికి కూడా దీనికి కొన్ని సెకన్లు కావాలి. గోల్‌కీపరుకు చిక్కేది సెకనులో కొంత భాగమే. ఎంత సాధన చేసినా ఆ రసాయనచర్యను తొందరపెట్టలేము.

అప్పటికి ఆయన వయస్సు 36. ఆ కంటిలో శుక్లాలు ఉన్నాయని నేను అనడం లేదు. నా కంటిలో ఉన్నాయి. ఈ వ్యాసం అసలు అందుకే.

వయస్సు పెరిగేకొద్దీ కంటి కటకం మసకబారి, లోపలికి వచ్చే వెలుగును చెదరగొడుతుంది. పగలు అక్షరాలు బాగానే కనిపిస్తాయి. రాత్రి ఎదురుగా వచ్చే బండి దీపాలు మాత్రం పెద్ద పువ్వుల్లా విచ్చుకొని దారిని మింగేస్తాయి. రెండేళ్ళు నేను ఈ మాట ఎవరికీ చెప్పలేదు. ఎదుటివాళ్ళ దీపాలనే తిట్టుకొన్నాను. రోగులెందరికో చెప్పిన లక్షణమే ఇది. ఒక సాయంత్రం అస్తమిస్తున్న సూర్యుడికి ఎదురుగా కారు నడుపుతుంటే, దారి పక్కన సైకిలు నడిపించుకొంటూ పోతున్న మనిషి నాకు కనిపించలేదు. నా భార్య అరిచింది. ఆయన సైకిలుతో సహా పక్కకు దూకాడు. దెబ్బ తగలలేదు. ఆ మనిషి నన్ను తిట్టకుండా, "చూసుకోవాలి కదండీ పెద్దాయనా" అని మాత్రమే అన్నాడు.

మరునాడే కళ్ళు చూపించుకొన్నాను.

మీకూ దీపాల చుట్టూ వలయాలు కనిపిస్తున్నా, వెలుగులోనుంచి నీడలోకి వచ్చాక చూపు కుదుటపడడానికి మునుపటికంటే ఎక్కువసేపు పడుతున్నా, కళ్ళజోడు మార్చి సరిపెట్టుకోకండి. కంటిపాపను పెద్దది చేసి లోపల పరీక్షించమని అడగండి. ఇది శుక్లమే కానక్కరలేదు, రెటీనా జబ్బు కూడా కావచ్చు. మధుమేహం ఉన్నవారు ఏ ఇబ్బందీ లేకపోయినా ఏటా చూపించుకోవాలి.

రామల్యెట్స్‌కు 1962 మార్చిలో హాంబర్గ్ జట్టుతో వీడ్కోలు ఆట ఏర్పాటు చేశారు. 2013లో, 89 ఏళ్ళ వయస్సులో, ఆయన మరణించారు.

నా కుడికంటికి శస్త్రచికిత్స అయింది. ఎడమకంటికి వచ్చే నెలలో. అంతవరకు కారు తాళాలు నా భార్య దగ్గరే ఉంటాయి.